కుని ఎవరు?

2023 వేసవి. తుఫానుకు నేలకూలిన ఉద్దానం తోటలను అక్కడి మనుషులు ఎలా గుర్తుపెట్టుకున్నారన్న దాని మీద ఒక డాక్యుమెంటరీ తీస్తున్నాను. మాది టెక్కలే అయినా, ఇన్నేళ్ల వృత్తిలో సొంత ప్రాంతంలో కెమెరా పెట్టడం అదే మొదలు. కంచిలి దగ్గర ఒక పల్లెలో పార్వతి అనే జీడి రైతు ఇంట్లో షూటింగ్. సౌండ్ చూసే భాస్కర్‌ది ఇచ్ఛాపురం. వాళ్లకు ఇంట్లో ఒడియా, బయట తెలుగు.

పార్వతికి యాభై ఏళ్లుంటాయి. పోయిన చెట్ల గురించి, పోయిన మనుషుల గురించి చెప్పినట్టే చెప్పింది. ఆ గదిలోనే మంచం మీద ఆమె తల్లి సావిత్రమ్మ కూర్చుని ఉంది. ఆమెను కూడా నాలుగు మాటలు అడగవచ్చా అన్నాను.

“ఏటి సెప్తాది బాబూ. గ్యాపకం పోయింది. నన్నే గుర్తుపట్టదు. నా మొకం సూసి కునీ, కునీ అంటాది. ఆ కుని ఎవలో మాకు తెల్దు.” పార్వతి గొంతు తగ్గించింది. “నాకంటే ముందల ఇంకో పిల్లుండేదేమో. కన్నతల్లికి నాను అక్కర్లేకపోయాను, ఆ పిల్లే కావాల.”

ఇంటర్వ్యూ అయ్యాక రూమ్ టోన్ తీసుకున్నాం. అంటే, ఎవరూ మాట్లాడకుండా గదిలోని నిశ్శబ్దాన్ని కాసేపు రికార్డు చేయడం. ఎడిటింగ్‌లో మాటల మధ్య అతుకులు వినపడకుండా అది వాడతాం. అందరం కదలకుండా కూర్చున్నాం. సావిత్రమ్మ మెల్లగా ఏదో అనడం మొదలుపెట్టింది. ఇంట్లోవాళ్లకు అది రోజూ వినే గొణుగుడే. భాస్కర్ మాత్రం హెడ్‌ఫోన్స్ అదిమిపట్టుకుని ఆమె వైపు తిరిగాడు.

రికార్డర్ ఆపి, “ఒడియా మాట్లాడతన్నారండి” అన్నాడు. “‘కునీ, ఎండలో తిరక్కు, ఇలా రా’ అంటన్నారు. కుని అంటే ఎవలి పేరో కాదు. మా ఇళ్లల్లో చంటి ఆడపిల్లని ముద్దుగా అలా పిలుత్తాం.”

తల్లి పుట్టిల్లు ఒడిశా వైపని పార్వతికి తెలుసు. కానీ ఆమె నోట ఒక్క ఒడియా మాట విన్న గుర్తు లేదు. “నన్నెప్పుడూ అలా పిలవనేదు. మరెవల్ని పిలుత్తంది?” అంది.

అది తెలుసుకోకుండా కెమెరా సర్దుకుని వెళ్లడం నా వల్ల కాలేదు. మర్నాడు పార్వతితో కలిసి సోంపేటలో ఉన్న ఆమె మేనత్త అప్పలమ్మ ఇంటికి వెళ్లాం.

“నిన్నేనే పిలిసీది” అంది ముసలామె, పార్వతితో. “మా యమ్మకి ఆ మాటలు గిట్టీవి కావు. నా మనవరాలికి ఒడియా నేర్పకు అని మీ యమ్మ మీద అరిసీది. అందుకని నిన్ను సంకనేసుకుని జీడితోటలోకి పోయి, ఎవలూ లేనప్పుడు కునీ, కునీ అనుకునీది. ఓపాలి నాను సూసీసినాను. ఎవలికీ సెప్పకొదినా అని నా సెయ్యట్టుకుంది. నీకు మాటలొచ్చినాక మానీసింది. నువ్వు ఇంట్లో అనేత్తావని బయం.”

పార్వతి కొంగుతో మొహం కప్పుకుంది. తిరుగు ప్రయాణంలో, ఆటో ఊరు దగ్గరపడుతుండగా ఆమె భాస్కర్‌ని అడిగింది: “మీ బాసలో అమ్మని ఏటంటారు?”

“బొఉ అంటామండి.”

ఇంటికి వెళ్లాక నేను కెమెరా ఆన్ చేశాను. పార్వతి చెప్పులు వదిలి నేరుగా మంచం దగ్గరకు నడిచింది. “బొఉ” అంది, పలకడం సరిగ్గా కుదరలేదు. సావిత్రమ్మ తలెత్తి, కూతురి చెయ్యి పట్టుకుని పక్కన కూర్చోబెట్టుకుంది. “ఖాఇలు కి?” అంది. తిన్నావా అని అడుగుతోందని భాస్కర్ మెల్లగా చెప్పి, జవాబు కూడా అందించాడు. “ఖాఇలి” అంది పార్వతి. నిజానికి పొద్దున్నుంచి ఆమె ఏమీ తినలేదు.

అదంతా కెమెరాలో ఉంది. అయితే అది ఇంటి గుట్టు. సినిమాలో పెట్టవచ్చా అని కొన్ని రోజుల తర్వాత అడిగాను.

“పెట్టండి బాబూ. ఇన్నేళ్లు దాసుకున్నది సాలు” అంది పార్వతి.

అంతకుముందు ఎవరికైనా జ్ఞాపకం పోయిందంటే, అయ్యో అని కెమెరా వేరేవాళ్ల వైపు తిప్పేవాణ్ణి. ఇప్పుడు వెంటనే తిప్పడం లేదు. ఏ భాషలో అడిగి చూశారని ఇంట్లోవాళ్లను అడుగుతున్నాను.