తెర పక్కన చెప్పిన మాట

"తెర మీద మంచు మన చేలో దూదిలానే ఉందమ్మా. ఆ దూది మీద రైలు చప్పుడు లేకుండా వస్తూనే ఉంటుంది..."

అనంతపద్మనాభం మాస్టారు కళ్ళు మూసుకుని చెబుతున్నారు. నందిగామ లైబ్రరీలో పనిచేసే భారతీదేవి, పాతకాలపు బడుల సంగతులు రాసుకుందామని జగ్గయ్యపేట వచ్చింది. ఆయనేమో నాలుగు రోజుల కిందటి సినిమా దగ్గరే ఆగిపోయారు. ఆమె నోటుబుక్కు మూసి వింటూ కూర్చుంది.

నందిగామ కాలేజీ కుర్రాళ్ళు అప్పుడప్పుడు విదేశీ సినిమాలు వేస్తారు. కింద పడే ఇంగ్లీషు అక్షరాలు అందరికీ అందవు కనుక, మాస్టారు తెర పక్కన మైకు పట్టుకుని కథ తెలుగులో చెబుతారు. ఆ రోజుది యుద్ధం ముగిశాక జరిగే కథ. యూదులను చావుకు మోసుకుపోయిన రైళ్ళకు జాబితాలు రాసిన గుమాస్తా, ముసలివాడై కోర్టులో నిలబడతాడు. ఆ రైళ్ళు ఎక్కడికి పోతున్నాయో నీకు తెలుసా అని ఒకావిడ అడుగుతుంది. అతను 'తెలుసు' అంటాడు.

మైకులో మాస్టారి నోట 'తెలియదు' అని వచ్చింది.

హాలంతా జాలిపడింది. ఆయనతో బస్సెక్కి వచ్చిన రైతు సాంబయ్య, ముందు వరసలో కండువాతో కళ్ళొత్తుకున్నాడు. తిరుగు బస్సులో, కిటికీ బయట మిరప కల్లాలు ఎర్రగా కరిగిపోతుంటే, "పాపం, తెలీనోడు ఏం చేస్తాడండీ" అన్నాడు.

ఎనిమిదేళ్ళ కిందట, ఎమర్జెన్సీలో, కుటుంబ నియంత్రణ ఆపరేషన్లకు ఒక్కో మాస్టారు ఇద్దరిని తేవాలన్నారు, లేకపోతే దూరం బదిలీ. పెళ్ళై ఏడాదైనా నిండని సాంబయ్య పేరు పక్కన 'పిల్లలు ఇద్దరు' అని రాసింది ఈయనే. ఒళ్ళు పరీక్ష చేస్తారట, వేలిముద్ర వెయ్యి అన్నదీ ఈయనే. సాంబయ్య ఇంట ఉయ్యాల ఊగలేదు. అదంతా పైవాళ్ళ పని, మాస్టారికేం తెలుసని అతని నమ్మకం. తొలికాపు దోసకాయలు ఇప్పటికీ ఈ ఇంటికే తెస్తాడు.

"సినిమాలో ఒక్క మాట మారితే ఏమైందిలెండి, మాస్టారూ. ఈపాటికి అందరూ మర్చిపోయుంటారు," అంది అంతా విన్న భారతీదేవి.

"సాంబయ్య ఏడ్చింది ఆ గుమాస్తా కోసం కాదమ్మా. నేనూ తెలియకే చేశాననుకుని, నన్ను తలుచుకుని."

మాస్టారు కళ్ళు తెరిచారు.

"నేనే పోదామని మూడుసార్లు బయల్దేరా, వీధి మలుపు దాకా వెళ్ళి వెనక్కొచ్చా. చేలో ఉంటాడు, నువ్వెళ్ళి పిలుచుకురా తల్లీ. ఎందుకని అడిగితే నువ్వేం చెప్పొద్దు. నా నోటితోనే చెప్పాలి."