అన్నం తిన్న సముద్రప్పువ్వు

ఆ రోజుల్లో ఊరికొక మొనగాడు ఉండేవాడు. అల్లూరు మొదలు సూళ్లూరుపేట దాకా సముద్రప్పువ్వుకు అన్నం తినడం నేర్పిన మొనగాణ్ణి మాత్రం నేనొక్కణ్ణే. నా చేతి ముద్దకు అలవాటుపడి అది పళ్లెమంత అయిందని మనవళ్లకు చెబుతుంటాను. (పళ్లెం కాదు, రూపాయి బిళ్లంత. అన్నం సంగతి ముందుకు పోయాక ఒప్పుకుంటాను.)

అప్పుడు నేను సముద్రం ఒడ్డున రొయ్యపిల్లల హేచరీలో తొట్లు కడిగే పనిలో కొత్తగా చేరాను. నీళ్లు తోడే పైపుకు అంటుకుని ఉండేవి ఆ పువ్వులు. పేరుకే పువ్వు, అసలు జంతువు. వలలో పడి చేతులు మండించే జెల్లీ చేపకూ, ఉంగరంలో పొదిగే పగడానికీ దగ్గర చుట్టం. చుట్టాల్లో ఒకరు ఊళ్లు తిరుగుతారు, ఒకరు బంగారంలో కూర్చుంటారు, ఇది మాత్రం ఉన్నచోటే నోరు తెరుచుకుని తిండి కోసం కాచుకుంటుంది. (మా ఇంట్లో నన్ను దానితోనే పోల్చేవారు.) రేకుల్లాంటి చేతులకు చిన్న చేప తగిలితే చాలు, కనపడని ముళ్లతో కుట్టి మొద్దుబార్చి, నోట్లోకి లాక్కుని, సంచి మూతి బిగించినట్టు ముడుచుకుంటుంది. అరగనిదంతా మళ్లీ ఆ నోట్లోంచే బయటికి. రాకకూ పోకకూ ఒకటే వాకిలి.

ఆ ఏడే మా బావ వేటకు పోయాడు. పడవ వచ్చింది, మనిషి రాలేదు. అక్క మా ఇంటికొచ్చి గోడకానుకుని కూర్చుంది. ఏడవలేదు, తినలేదు. ముద్ద పెడితే నోట్లోనే ఉంచుకునేది. ఇక మనిషి దక్కదేమోనని అమ్మకూ నాకూ భయం. ఏం తోచక, గవ్వకు అంటుకున్న పువ్వొకదాన్ని తెచ్చి పాత బానలో సముద్రపు నీళ్లు పోసి వేశాను. రొయ్య ముక్క అందించగానే గుటుక్కుమనిపించింది.

"ఏందిరా ఇది, నీ మాదిరే తిండిబోతు!" అంది అక్క. అన్నాళ్లకు అదే తొలి మాట.

"నువ్వు తింటేనే ఇది తింటాదంట అక్కా. మా హేచరీ పెద్దసారు చెప్పినాడు." (పెద్దసారు ఏమీ చెప్పలేదు.)

ఆ పూట నుంచి బాన పక్కనే అక్క కంచం. అది ఖాళీగా తిరిగొచ్చేది. నేను మీసం మెలేసుకుని వీధంతా తిరిగాను. నాలుగు పూటలు గడిచేసరికి బాన వాసన కొట్టింది. వంచి చూస్తే అడుగున అన్నం, కంచాలకొద్దీ. దాని మీద, నానిన కాగితంలా విడిపోయిన పువ్వు.

"నేనే సంపేసినానా?" అంది అక్క. అప్పుడు ఏడ్చింది, బావ పోయాక మొదటిసారి, ఇరుగుపొరుగు పరిగెత్తుకొచ్చేంతగా. ఆ సాయంత్రం తనే పులుసన్నం కలుపుకుని తిన్నది. పువ్వు పోతూ పోతూ మా అక్కను నిలబెట్టి పోయిందనీ, ఆ గొప్పలో సగం నాదేననీ ఇన్నేళ్లూ నమ్మాను.

ఇప్పుడు అక్కకు చూపు ఆనదు. ఇదంతా చదివి వినిపించి, కళ్లు తుడుచుకుంటుందేమోనని ఆగాను.

"పువ్వూ లేదు, నీ మొగమూ లేదు" అంది. "నేను తినకపోతే అమ్మ ముద్ద ముట్టేది కాదు. అందుకే కంచం ఖాళీ చేసి చూపించేదాన్ని. నువ్వు బాన వంచి నా గుట్టు బయటేసినావు. ఆ పూట అమ్మ తన కంచం పక్కకు నెట్టేసింది. అమ్మ తినాలని నేను తిన్నా. నువ్వేమో మూడు పూటలా తింటానే ఉన్నావు, నీకేం తెలుసు!"