కుందేలు తిన్న ‘పిల్లా’

రాయ్‌పూర్ లోకో షెడ్డులో పన్నెండేళ్లుగా ఖలాసీ పని చేస్తున్న సూర్యారావు మామూలు మనిషే. కానీ ఆ మాట అతనితో అన్నవాడు ఎవడూ లేడు. పలాస దగ్గరి పల్లెటూరి బడిలో వేలు అరిగేలా ఇసుకలో అక్షరాలు దిద్ది మూడో తరగతి గట్టెక్కాడు. పదహారో ఎక్కం వెనకనుంచి కూడా అప్పజెప్పగలడు. రాయ్‌పూర్‌లో రైలు దిగిన ఆరు నెలలకే హిందీ పట్టేశాడు. రైల్వే క్వార్టర్ల లైన్లలో కాపురమున్న తెలుగు ఆడవాళ్లకు డాక్టరు దగ్గర నోరు అతనే, ఠాణాలో నోరూ అతనే. బందెలదొడ్డిలో పడ్డ పక్కింటి గంగాభవాని మేకను ఒట్టి మాటలతో విడిపించుకొచ్చాడు. ఆ మేక తర్వాత మూడేళ్లు బతకడం కూడా తన ఘనత కిందే జమకట్టుకునేవాడు.

1938 వేసవిలో ఫోర్‌మన్ డిక్రూజ్ దొర సెలవు మీద జబల్‌పూర్ వెళుతూ తన తెల్ల కుందేలును సూర్యారావుకు అప్పగించాడు. అది చూలుతో ఉంది.

“బాగా చూసుకో. రాగానే నీ మిస్త్రీ కాగితం మీద సంతకం పెడతాను” అన్నాడు.

మిస్త్రీ అంటే పదిమంది ఖలాసీల మీద పెత్తనం. సూర్యారావు ఎనిమిదేళ్లుగా నిద్రలో పలవరిస్తున్నది ఆ మాటే.

దొరగారి కుందేలు ఇంటికొచ్చాక ఊరుకోవడం ఎవరి తరం? సాయంత్రమయ్యేసరికి బోనును అరుగు మీద పెట్టి, లైనులో వాళ్లందరినీ పిలిచి చూపించేవాడు. బీర్‌గావ్ నుంచి గడ్డి తెచ్చేవాళ్లను కూడా ఆపి చూపించేవాడు. భార్య వరహాలమ్మకు ఇది బొత్తిగా నచ్చలేదు.

“చూలుతో ఉన్నదాని మీద ఇందరి కళ్లేటి మావా? మూలకి చీకట్లో పెట్టు. నీళ్లయినా పెట్టావా?”

“పచ్చగడ్డి తినేదానికి మళ్లీ నీళ్లేటే? గడ్డిలో లేవేటి నీళ్లు? మాలోకంలా మాటాడకు. దొర అప్పగించింది నాకు, నీక్కాదు.”

అలా రెండు రోజులు గడిచాయి. మూడోనాటి మధ్యాహ్నం కుందేలు ఈనింది. అయిదు పిల్లలు. ఆ వార్తకు జనం రెట్టింపయ్యారు. మర్నాడు పొద్దున చూస్తే బోనులో ఒక్క పిల్లే మిగిలింది. తల్లి మూతికి నెత్తురు.

 సూర్యారావుకు తన మిస్త్రీ పనిని కూడా కళ్లముందే ఆ కుందేలు కొరుక్కుతిన్నట్టయింది. ఎవరో చెప్పేకంటే తనే చెప్పడం మేలని ఆఫీసుకు పరుగెత్తాడు. హెడ్ క్లర్కు దూబే బాబు ఉల్లిపాయ కూడా ముట్టని శాకాహారి.

“బాబూజీ! ఖర్‌గోష్ పిల్లా ఖా లియా! చార్ పిల్లా!”

హిందీలో పిల్లా అంటే కుక్కపిల్ల. కుందేలు నాలుగు కుక్కపిల్లలను తినేసిందని విన్న దూబే బాబు కళ్లద్దాలు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకున్నాడు. మాట మాత్రం మారలేదు. మనిషిని రెండుసార్లు అడిగాడు. రెండుసార్లూ అదే. ఉన్నదున్నట్టు దొరకు తంతి కొట్టించాడు. తర్వాత పంచె మోకాళ్లదాకా ఎత్తిపట్టుకుని స్వయంగా వచ్చి, బోనుకు పదడుగుల దూరంలో నిలబడ్డాడు.

“ఘాస్ ఖానేవాలీ జాత్!” అన్నాడు, గడ్డి మేసే జాతి ఇంత పని చేసిందా అని, తన కులంలోవాడెవడో మాంసం తిన్నాడని విన్నట్టు. కుందేలు జపం చేసుకుంటున్నట్టు మూతి కదుపుతూ కూర్చుంది.

మధ్యాహ్నానికి రైల్వే లైన్లలో కుక్కలన్నీ ఇళ్లలోకి చేరాయి. పాలవాడు తన బుజ్జి కుక్కను కండువాలో చుట్టుకుని, “మేరా పిల్లా బచావో!” అంటూ అరుగు ముందునుంచి పరుగు తీశాడు. ఆ చుట్టలోంచి బయటికొచ్చిన తోకను చూశాక గాని సూర్యారావుకు తన హిందీ ఎక్కడ జారిందో తెలియలేదు. వెంటనే ఆఫీసుకెళ్లి దిద్దుకున్నాడు.

“పిల్లా నహీ బాబూజీ. బచ్చా! చార్ బచ్చా ఖాయా.”

హిందీలో బచ్చా అంటే పసిబిడ్డ కూడా. దూబే బాబు చేతిలో కలం కిందపడింది. క్షణంలో చౌకీదారు బయల్దేరాడు, లైన్లలో పిల్లలను లెక్కపెట్టడానికి. చిట్టాలో నలభై ముగ్గురు. లెక్కపెడితే నలభై నలుగురు తేలారు. బిడ్డలు తగ్గలేదు సరికదా, ఒకరు పెరిగారు. లెక్క కుదరలేదు కనక విచారణ ఆపడానికి వీల్లేదన్నాడు దూబే బాబు.

రెండోనాడు పొద్దున్నే, తంతి కాగితం చేత్తో పట్టుకుని డిక్రూజ్ దొర దిగాడు. దూబే బాబును వెంటబెట్టుకుని తిన్నగా అరుగు దగ్గరికొచ్చాడు. లైనులో మిగతా మగవాళ్లు డ్యూటీలో ఉన్నారు. చుట్టూ ఆడవాళ్లే. సూర్యారావు నోరు తెరిచాడు గాని, ఏ మాట వాడితే ఏ జంతువు పుడుతుందోనని మళ్లీ మూశాడు.

వరహాలమ్మ మాటల జోలికి పోలేదు. చేటలో గుడ్డ పరిచి, మిగిలిన పిల్లను తెచ్చి దొర ముందు పెట్టింది. బొటనవేలంత ఉంది, ఇంకా కన్ను తెరవలేదు. దూబే బాబు వంగి చూసి, “అరే రామ్!” అని తన నుదురు తానే కొట్టుకున్నాడు.

“తల్లి ఎందుకు తింది?” అని హిందీలో అడిగాడు దొర. సూర్యారావు ఆ ప్రశ్నను భార్యకు తెలుగులో అందించాడు.

“దాహమేసింది దొరగారూ. ఈనిన జంతువుకి గొంతెండితే ఎదురుగా ఉన్న తడల్లా బిడ్డే. ఆపైన జనం. బెదిరిన తల్లి బిడ్డని ఎక్కడ దాస్తాది? కడుపులోనే దాచుకుంది. పిల్లీ అంతే, పందీ అంతే. కోడైతే గుడ్డునే పొడుచుకు తింటాది. దాన్నేటీ అనకండి. నీళ్లు పెట్టనోడు మా ఆయన. జనాన్ని పోగేసినోడూ మా ఆయనే.” అని, మొగుడి వైపు తిరిగింది. “అలాగే చెప్పు మావా. ఒక్క మాట కూడా మింగొద్దు.”

అక్కడ రెండు భాషలూ తెలిసినవాడు సూర్యారావు ఒక్కడే. గ్రహణం పట్టిందనొచ్చు. రాయ్‌పూర్ ఎండ పడలేదనొచ్చు. కాదనేవాడు లేడు. నాలుక చివర నాలుగు అబద్ధాలు వరసకట్టాయి. వరహాలమ్మ చేటలోని పిల్లకు ఎండ తగలకుండా చెయ్యి అడ్డం పెట్టి, అతని ముఖంలోకే చూస్తోంది.

“పానీ హమ్ నహీ దియా సాబ్,” అన్నాడు. “ఆద్మీ లోగ్ కో భీ హమ్ హీ బులాయా.” నీళ్లు పెట్టనిదీ, జనాన్ని పిలిచిందీ తనేనని ఒప్పుకున్నాడు.

దొర జేబులోంచి మిస్త్రీ కాగితం తీసి చూసి, మళ్లీ మడిచి లోపల పెట్టుకున్నాడు.

“ఇది మళ్లీ ఈనాలి. పిల్లలన్నీ బతకాలి. అప్పుడు సంతకం.”

బిలాస్‌పూర్ నుంచి గార్డు పెట్టెలో దొర తెప్పించిన మగకుందేలు దిగింది. ఆ తర్వాత ముప్ఫయ్యొక్క రోజులు సూర్యారావు బోనుకు గోనెపట్టా కట్టి, పూటకో చెంబెడు నీళ్లు మార్చి, తొంగిచూడబోయిన వాళ్లను కర్రతో అదిలించాడు. చూడాలని పట్టుబట్టిన గంగాభవానిని, మేక సంగతి గుర్తుచేసి మరీ పంపేశాడు. లైను ముందు కూత వెయ్యొద్దని డ్రైవర్లను బతిమాలాడు. వాళ్లు ఇంకాస్త పొడుగ్గా వేశారు. వరహాలమ్మ మాత్రం ఏమీ అనకుండా చెంబు నిండుగా ఉందో లేదో చూసి వెళ్లేది.

ఆరు పుట్టాయి. ఆరూ బతికాయి. ఇంజన్ల కింద పడుకుని మరలు బిగించి మిస్త్రీలైనవాళ్లు చాలామందే ఉన్నారు. కుందేలు ఈనితే మిస్త్రీ అయినవాడు ఆ షెడ్డు మొత్తానికి సూర్యారావు ఒక్కడే. కాగితంలో ‘కారణం’ అన్నచోట ఏం రాయాలో దూబే బాబుకు తోచలేదు. చాలాసేపు ఆలోచించి, ‘ఆరు’ అని రాసి ఊరుకున్నాడు.