ఎత్తిరాజు మాస్టర్‌ని ఫొటోలోంచి కోసేశారు

మా చిన్నతనంలో, తమిళనాడులోని కోవిల్‌పట్టిలో, ఇంకా మసక వెలుతురు ఉండగానే ఎత్తిరాజు మాస్టర్ విజిల్ వినిపించేది... సద్దికూడు రెండు ముద్దలు మింగి, హాకీ కర్రలు పట్టుకుని పదమూడు మంది ఆడపిల్లలం గ్రౌండుకు పరుగెత్తేవాళ్ళం.

నల్లరేగడి నేల. ఎండాకాలం బీటలు వారేది. బంతి ఆ బీటలకు తగిలి ఎటు ఎగురుతుందో తెలిసేది కాదు. నేను గోల్‌కీపర్ని. గోనెగుడ్డలో దూది కుక్కి నా కాళ్ళకు ప్యాడ్లు కుట్టింది మాస్టరే.

ఆయన మా వీధి మనిషి. అగ్గిపెట్టెల ఫ్యాక్టరీలో పుల్లలకు మందు ముంచే పని. వయసులో ఉన్నప్పుడు ఫ్యాక్టరీ టీముకు ఆడారు. గ్రౌండులో అందరికీ తమిళంలోనే చెప్పేవారు... కోపం వస్తే మాత్రం తెలుగులోకి దిగేవారు. మా టీములోని తమిళ పిల్లలకు కూడా ఆ తిట్లన్నీ వచ్చేశాయి.

నన్ను ఆటకు పంపమని అడగడానికి ఆయనే మా ఇంటికి వచ్చారు. అమ్మ అగ్గిపెట్టెల అట్టలకు జిగురు అంటిస్తూ తల ఎత్తలేదు.

"ఆడబిడ్డకి ఏలన్నా ఈ ఆట? నాకు చేతిసాయం ఎవురు?" అంది.

"పొద్దున ఒక్క గంట ఇయ్యమ్మా. దానికి బంతంటే బయం లేదు. అట్లాంటి పిల్ల నాకు ఇంకొకటి దొరకలా" అన్నారు మాస్టర్.

అమ్మ ఇంకో అట్ట అంటించి, "ఎనిమిదికి ఇంట్లో ఉండాల" అంది. అంతే... నా ఆట అలా మొదలైంది.

కొన్నేళ్ళకు జిల్లాలో మేము ఓడించని స్కూలు లేకుండా పోయింది. ఆ పేరు విని విరుదునగర్‌లో ఒక ఆడపిల్లల కాలేజీ మమ్మల్ని స్పోర్ట్స్ కోటాలో మొత్తంగా చేర్చుకుంది. మాస్టర్‌నే కోచ్‌గా పెట్టుకుంది. ఆయన ఫ్యాక్టరీ పని మానుకుని వచ్చారు. నోటీసు బోర్డు మీద 'కోచ్: ఎత్తిరాజు' అని చూసి అక్కడే చాలాసేపు నిలబడ్డారు...

మూడో ఏడు యూనివర్సిటీ ఫైనల్. ముందురోజు కాలేజీ సెక్రటరీ గ్రౌండుకు వచ్చారు. మా ఫార్వర్డ్ మరియను తీసేసి, ఆ చోట తన తమ్ముడి కూతుర్ని ఆడించమన్నారు. మరియ సొంతూరు ఏళాయిరంపన్నై, మా ఊళ్ళో హాస్టల్లో ఉండి చదివింది; వాళ్ళమ్మ అక్కడ టపాకాయల పనికి వెళ్ళేది. అడిగేవాళ్ళు లేని పిల్ల అనుకున్నారు.

"ఆ పిల్ల బయట కూర్చుంటే నేనూ కూర్చుంటాను సార్" అన్నారు మాస్టర్. గొంతు పెంచలేదు.

మరుసటి రోజు మరియ ఆడింది. రెండు గోల్స్ వేసింది. గెలిచాం. కప్పుతో ఫొటో దిగేటప్పుడు సెక్రటరీ నవ్వుతూ వచ్చి మధ్యలో నిలబడ్డారు.

వారం తిరక్కుండానే, మాస్టర్‌కు కోచింగ్ డిప్లొమా లేదన్న సంగతి కాలేజీకి గుర్తొచ్చింది... మూడేళ్ళు ఎవరికీ గుర్తులేనిది. అది చాలదని మమ్మల్ని ఒక్కొక్కరినే ఆఫీసులోకి పిలిచారు. ఒక కాగితం ముందు పెట్టారు. 'కోచ్ మమ్మల్ని మోటుగా తిడతారు, ఆయన మాకు వద్దు.' సంతకం పెట్టకపోతే సీటు ఉండదన్నారు.

నేను పెట్టాను. మరియ కూడా పెట్టింది. పదమూడు మందిమీ పెట్టాం.

సంచీ భుజాన వేసుకుని మాస్టర్ గేటు దాటుతుంటే క్లాసు కిటికీలోంచి చూస్తూ కూర్చున్నాం. ఆ తర్వాత ఆయన్ని ఎవరూ కోచ్‌గా పెట్టుకోలేదు. కడంబూరులో ఒక గోడౌనుకు వాచ్‌మన్‌గా పోయారు.

పోయిన వారం ఆ కాలేజీ తన పేజీలో మా ఫొటో పెట్టింది. 'మా ఘనత' అట. మేమున్నాం, మధ్యలో సెక్రటరీ ఉన్నారు. ఎడమపక్క కోసేశారు. కప్పు అంచు పట్టుకున్న నాలుగు వేళ్ళు మాత్రం మిగిలాయి... ఎవరివో తెలియని వేళ్ళలాగా. నా ఒళ్ళు మండిపోయింది. కింద ఆయన పేరు రాశాను. తీసేశారు. మళ్ళీ రాశాను. నన్ను బ్లాక్ చేశారు.

మరియకు ఫోన్ చేశాను. ఇద్దరం బస్సెక్కి కడంబూరు వెళ్ళాం. మాస్టర్ ఇప్పుడు కూతురి ఇంట్లో ఉంటున్నారు. చూపు తగ్గింది. గొంతు విని గుర్తుపట్టారు.

"మాస్టర్, ఆ పొద్దు నేనూ సంతకం పెట్టినాను" అన్నాను. ఇన్నేళ్ళకు.

"తెలుసు మే. ఆఫీసులో కాయితం నాకు చూపించినారు. మొదటి పేరు నీదే."

మరియ ఏడవడం మొదలుపెట్టింది. "మా మీద కోపం రాలేదా మాస్టర్?" అని అడిగాను.

"రాకేమి. ఇప్పుడూ ఉంది. చిన్న పిలకాయలు, బయపడితిరి, సంతకం పెడితిరి... అది సరి. నేను బస్‌స్టాపులో రెండు బస్సులు వదిలేసినాను పద్మా. పదమూడు మందిలో ఒక్కతన్నా గేటు దాటి వస్తుందని."

ఆయన కూతురు కాఫీ తెచ్చింది. "చల్లారిపోతుంది, తాగండి" అన్నారు మాస్టర్.

సెక్రటరీ మీద కోపం ఉంది... కిటికీ దగ్గర కూర్చున్న నా మీద అంతకంటే ఎక్కువ ఉంది.

ఇప్పుడు మా ఊళ్ళో ఆడపిల్లలు హాకీ ఆడతామంటే ఇంట్లో ఎవరూ వద్దనరు. కోచ్‌లందరికీ డిప్లొమాలున్నాయి. మంచిదే... పిల్ల కోసం సెక్రటరీకి ఎదురు నిలిచేవాళ్ళు ఎందరున్నారో నాకు తెలియదు.

కింద పెట్టింది కోయని ఫొటో. ఎడమ చివర తెల్లచొక్కా ఆయనే. మేము సంతకం పెట్టిన సంగతి కూడా, మిగతా పదకొండు మందినీ ఫోన్లో అడిగి, అందరూ ఒప్పుకున్నాకే రాస్తున్నాను.

మీకు ఆట నేర్పి, పేరు లేకుండా పోయినవాళ్ళు మీ ఊళ్ళోనూ ఉంటారు. ఆ పేర్లు ఇక్కడ రాయండి... వాళ్ళు బతికుండగానే రాయండి.