కుక్క, ముగ్గు, మిల్లు సంగు

మా మిల్లు లైను ఇళ్లలో కుక్కను తిప్పడానికి ఒక చట్టం ఉండేది. ఎక్కడా రాసింది కాదు, చివరింటి పెద్దమ్మ నోట్లో ఉండేది. తెల్లవారి మిల్లు సైరను మోగగానే కుక్కను వెనక సందులోంచి మైదానానికి తీసుకుపోవాలి. ఆ సైరనును కోయంబత్తూరులో అందరం సంగు అనేవాళ్లం. తాడు పొట్టిగా పట్టుకోవాలి. కుక్క దొడ్డికి కూర్చున్న చోట కప్పడానికి చేతిలో పొయ్యి బూడిద డబ్బా ఉండాలి. రెండో సంగుకల్లా ఇల్లు చేరాలి. ఆపైన వాకిళ్లన్నీ ముగ్గులే.

ఆమె పెత్తనం చూస్తే నాకు ఒళ్లుమంట. రోజంతా మిల్లులో నూలు చుట్టే రీలింగులో నిలబడి వచ్చేదాన్ని, పొద్దున్నే ఈ బూడిద డబ్బా ఏమిటని గొణుక్కునేదాన్ని. ఒకసారి మా కుక్క ఆమె ముగ్గు తొక్కింది.

"ఇంకోతూరి నా వాకిట్లో అడుగు పెట్టెనంటే దీన్ని పళని బస్సు ఎక్కించాల్సిందే, సరియా?" అంది నాన్నతో.

పళని దగ్గర మా బంధువుల తోట ఉంది. నాన్న ఆమె మాట కాదనడు. అమ్మ పోయాక నేను పని నుంచి వచ్చే వేళకి గుమ్మంలో ఎదురుచూసేది ఆ కుక్క ఒక్కటే. అందుకే నోరు మూసుకుని చట్టం పాటించాను. కుక్క నాకంటే బాగా పాటించింది. సంగు వినగానే తాడు నోట కరుచుకుని నా దుప్పటి లాగేది.

అలా ఉండగా మిల్లులో సమ్మె మొదలైంది. ఆ తెల్లవారి సంగు ఊదలేదు. నేను ఒళ్లు తెలియకుండా నిద్రపోయాను. కుక్క తాడు దగ్గర కూర్చుని చాలాసేపు చూసిందట. నాన్న ముందు తలుపు తీయగానే ఆగలేక దూసుకుపోయి పెద్దమ్మ ముగ్గు నడుమ కూర్చుంది.

కేకలు విని పరుగెత్తాను. నాన్న అప్పటికే పళని బస్సుకని దానికి తాడు కడుతున్నాడు. ఎవరినీ బతిమాలి ఎరగని నేను ఆమె చేతులు పట్టుకున్నాను.

"ఈ ఒక్కతూరికి ఇడిసిపెట్టు పెద్దమ్మా. ఇది పొయ్యెనంటే నాకు ఎవరుండారు?" అని ఏడ్చేశాను.

ఆమె తన అరుగు వైపు చూసింది. అక్కడ వాళ్లాయన స్నానం చేసి, మిల్లు నిక్కరు తొడుక్కుని, టిఫిన్ క్యారియర్ ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు.

"సమ్మె అని తెలిసిన మనిషే సంగు కోసరం ఎట్ల కూర్చుండాడో చూడు. నోరు లేని జీవం, దీనికేం తెలుస్తాది? ఏడవద్దు కణ్ణు, నా బంగారం. పోయి బూడిద ఎత్తుకొని రా," అంది.

ఇద్దరం కలిసి ఆ చోటు కడిగి పేడనీళ్లు చల్లాం. ఆమె మళ్లీ ముగ్గు పెట్టింది.

సమ్మె చాలా రోజులు సాగింది. రోజూ సంగు వేళకి ఆమే వచ్చి మా వెనక తలుపు కొట్టేది. "కణ్ణు, పొద్దాయె. కుక్కను తోలుకపో."

సమ్మె ముగిసి సంగు మళ్లీ ఊదిన తెల్లవారి కుక్క నా దుప్పటి లాగలేదు. తాడు కరుచుకుని వెనక తలుపు దగ్గర కూర్చుంది. నేనూ లేవలేదు. ఆమె వచ్చి తలుపు కొట్టేదాకా ఇద్దరం అలాగే ఉన్నాం.