దొరసాని పియానో, కరెంటు పియానో

నరసరావుపేటలో మా చర్చికి పాత గ్రాండ్ పియానో ఒకటి ఉండేది. ఎప్పుడో ఒక మిషనరీ దొరసాని వదిలివెళ్ళింది కాబట్టి అందరూ దాన్ని దొరసాని పియానో అనేవారు. ఒక కాలు కింద ఇటుక, మూత లోపల బల్లి కాపురం. వాన పడితే కొన్ని మెట్లు దిగబడిపోయి, పైకి రావడానికి బతిమాలించుకునేవి. వాయించేది నేను, పాడేది మా మేనత్త.

క్రిస్మస్ పాటలో ఆఖరి చరణం అత్త ఒక్కతే పాడాలి. అందులో పై స్వరం అందుకోవడం ఆమె సొంత ఆస్తి. పొలం గట్టు జరిపినా ఊరుకుంటుందేమో గానీ, ఆ స్వరం జోలికొస్తే ఊరుకోదు.

పోయినేడు సంఘం పెద్దలు పాతదాన్ని వెనక గదిలోకి నెట్టి, అదే కంపెనీ కొత్త మోడల్ తెచ్చారు. ఆకారం గ్రాండ్ పియానోదే, లోపల మాత్రం తీగలు లేవు, అంతా కరెంటు. పాతదాని కింది స్వరాలు గుండెల్లో మోగేవి. కొత్తదాని నాదం శుభ్రంగా ఉంటుంది, ఆసుపత్రి గదంత శుభ్రంగా. దానికి ఎండా వానా పట్టవు.

"కరెంటు పోతే నోరు పడిపోయేది, అదేం పియానోరా?" అంది అత్త మొదటి రోజే.

ప్రాక్టీసులో పై స్వరం దగ్గర అత్త గొంతు చీలింది. తప్పు పియానోదేనని తేల్చేసింది. "దీనికి పొగరెక్కువరా. చానా పైన పలుకుద్ది."

అందులో సగం నిజమే. ఏళ్ళ తరబడి ఎవరూ బిగించక పాతదాని తీగలు వదులై, శ్రుతి మొత్తం ఒక మెట్టు దిగిపోయింది. అత్త గొంతూ దాంతోపాటే దిగింది. ఇద్దరూ కలిసి దిగారు కనుక ఎవరికీ తెలియలేదు.

"ఈసారి ఆ చరణం ఆడపిల్లలకిద్దామా అమ్మా?" అన్నారు పాస్టరుగారు మెత్తగా. అత్త పాటల పుస్తకం మూసేసింది. పాట పూర్తికాకుండా ఆమె దాన్ని మూయడం నేనదే మొదటిసారి చూశాను, భయమేసింది. ఆ చరణం పోతే అత్త చర్చికైతే వస్తుంది, ఇక పాడదు.

పాతదానికి లేని సుగుణం కొత్తదానికి ఒకటుంది, శ్రుతి దించే బటన్. ఒకసారి నొక్కితే ఒక మెట్టు దిగుతుంది. ఆ ఆదివారం ఎవరూ చూడకుండా నొక్కాను. అత్త పై స్వరం అందుకుని అక్కడే తీరిగ్గా నిలబడింది. పాస్టరుగారు మళ్ళీ ఆ సంగతి ఎత్తలేదు.

"కొత్తది గదా, బెట్టు చేసింది. నాతో నాలుగు పాటలు పాడినాక దారికొచ్చింది" అని అత్త బయట అందరికీ చెప్పింది. నేను బుద్ధిగా తలూపాను. ఇంటికెళ్ళి మా ఆవిడకు చెప్పి పడీపడీ నవ్వాను.

ఈ క్రిస్మస్‌కి అత్త పట్టుచీర కట్టుకుని పియానో పక్కన నిలబడింది. చర్చి నిండిపోయింది. నేను అలవాటుగా, ఎవరికీ కనపడకుండా బటన్ నొక్కి, చేతులు మెట్ల మీద పెట్టాను. పాటల పుస్తకం సర్దుతున్నట్టుగా అత్త నా మీదికి వంగింది.

"ఒరేయ్, ఇంకోసారి నొక్కరా" అంది చెవిలో. "పాతదైతే అడక్కుండానే దిగేది."