దొరగారి పేరున్న కూర

వాగు పక్క బండ సందులో ఆ ఫెర్ను మొక్కను మొదట చూసి, జారిపడి మోకాలు చీరుకున్నది మిషన్ బడి పంతులమ్మనైన నేను. మొక్కలు సేకరించే మా బంగళా దొరగారు దానికి ‘టెరిస్’ అనే గ్రీకు మాట పెట్టి, వెనక తన పేరు తగిలించి సీమలోని పండితులకు రాశారు. టెరిస్ అంటే రెక్కలాంటిదట. నా పేరు మాటే లేదు.

ఈ రోజు ఆయన కుండీలో పెంచుతున్న ఆ మొక్క లేత చిగుళ్లన్నీ కోసి, బంగళాలో వంట చేసే మా పిన్నికిచ్చాను. మా కొండల్లో అది కూరాకే.

“ఏటి సేత్తన్నావే గుంటా, నా కొలువు పోద్ది.”

“అడిగితే నేనే కోశానని సెప్తాను. బేగి తాలింపు పెట్టు.”

దొరగారు రెండోసారి కూడా వడ్డించుకుని, గుమ్మం దగ్గరున్న నన్ను కూర పేరేమిటని అడిగారు.

“తమరి పేరేనండి. కుండీలోది నేనే కోశాను.”

ఆయన బోసిపోయిన కుండీని చూసి, కంచం పక్కకు నెట్టారు. నాకింకా జాలి కలగలేదు. మీకు కలిగిందా?